ఉన్ని మొలిచిన రాయి

పోయిన వారం మనం బీరమ్మను వదిలి వచ్చేసరికి ఆమె చేతిలో కత్తెర ఉంది, కాళ్ళ మధ్య గొర్రె ఉంది, పక్కన మాత్రం మనిషి లేడు. కురుమల ఇళ్ళలో ఉన్ని కత్తిరింపు ఒంటిచేతి పని కాదు. ఇవాళ నీ మందకు పదిమంది వస్తారు, రేపు వాళ్ళ మందకు నువ్వు పోతావు. ఒకరు కాళ్ళు పట్టుకుంటే ఒకరు కత్తెర ఆడిస్తారు, ఏ పనీ చెయ్యని ముసలాయన ఒకడు కూర్చుని అందరికీ వంకలు పెడతాడు. కులం వెలివేసిన ఇంటికి ఆ వంకలు పెట్టే ముసలాయన కూడా రాడు. బీరమ్మ గొర్రెను మోకాళ్ళ మధ్య ఇరికించుకుని తానే పట్టుకుంటూ తానే కత్తిరిస్తోంది. నడుము ఎప్పుడో పడిపోయింది. గొర్రెలు మాత్రం ఇంకా సగానికి పైగా ఉన్నాయి.

ఈ కథలోకి ఇవాళే వచ్చిన వాళ్ళ కోసం వెనక్కి ఒక్క అడుగు వేద్దాం. కోస్గి దాటి గుట్టల్లోకి పోతే వచ్చే ఊరు ఇది. ఊరి గుట్ట మీద, బీరమ్మ మొగుడు అంజన్న గొర్రెల దొడ్డి పక్కన, కొన్నేళ్ళ కింద ఒక రాయి బయటపడింది. అరచేతిలో పట్టేంత రాయి. బూడిద రంగు, పొరలు పొరలుగా పగుళ్ళు, నట్టనడుమ తెల్లటి ఉన్ని. ఎవరూ అంటించిన ఉన్ని కాదు, అక్కడే మొలిచింది. గొర్రెలు దాని చుట్టూ గడ్డి కొరికేవి గాని దాని మీద మూతి పెట్టేవి కావు. పెళ్ళిలో చేతికి ఉన్ని కంకణం కట్టుకునే జనం, ఉన్ని వడికి గొంగళ్ళు నేసి బతికే జనం, తల మీద ఉన్ని మొలిచిన రాయిని చూస్తే ఏమనుకుంటారు? తమ కులదేవుడే ఉన్ని బీరప్పగా వెలిశాడన్నారు. పసుపు బండారి చల్లి దండం పెట్టారు.

రెండేళ్ళ కింద జాతర ముందు దేవుడి పొట్టేలు మాయమైంది. దేవుడి పేరున విడిచిన పొట్టేలు అది. ఆ యేడు దాన్ని చూసుకునే వంతు అంజన్నది. అతనే ఏదో చేశాడన్నారు. అంజన్న గుట్టెక్కి, నోట్లో బండారి వేసుకుని, రాయి మీద చెయ్యి పెట్టి, నాకు తెలియదని ప్రమాణం చేశాడు. ఆ ఎండాకాలం నిప్పులు కురిసింది. ఉన్ని బీరప్ప రోజురోజుకీ కుంగి, రోహిణి వచ్చేసరికి మొరం కిందికి పూర్తిగా దిగిపోయాడు. ముందటి ఎండాకాలాల్లోనూ కొంత కుంగేవాడేమో ఎవరూ చూడలేదు, అప్పుడు ప్రమాణాలు చేసిన వాళ్ళు లేరు కదా. అబద్ధం విన్న దేవుడు మొహం దాచుకున్నాడని కులం తీర్పు చెప్పింది. ఆ యేడూ మరుసటి యేడూ వానలు లేక దేవుడు పైకి రానే లేదు. వెలి అలాగే ఉండిపోయింది.

ఇప్పుడు పందొమ్మిది వందల యాభై ఎనిమిది, కార్తీకం. అంజన్న మంచంలో ఉన్నాడు. రోగం ఏమిటో మహబూబ్‌నగర్ దవాఖానలో కూడా తేల్చలేదు. తిండి మానేశాడు, అంతే. బీరమ్మ జొన్న జావ కాచి చెంచాతో పోస్తుంది. రెండేళ్ళ కింద కడుపు పోయి తాను మంచం పట్టినప్పుడు ఇతనే ఇలా మాంసం షోర్వ కాచి చెంచాతో పోశాడు, ఇప్పుడు వంతు తనది. జావ మింగినా మింగకపోయినా అంజన్న రోజూ అడిగే మాట మాత్రం ఒకటే.

"నన్ను మోసెటోళ్ళు ఎవలే?"

వెలివేసిన ఇంటి పీనుగకు కులం భుజం పట్టదు. బీరమ్మ ఇప్పుడు బతుకు కోసం ఏడవడం మానేసింది. మొగుణ్ణి మోయడానికి నలుగురు కావాలి. ఆమెకు కావలసింది అంతే.

కాళ్ళ మధ్య గొర్రె గింజుకుంది. కత్తెర జారి బొటనవేలు కోసుకుంది. బీరమ్మ వేలు నోట్లో పెట్టుకునేలోగా, గొర్రె వెనక కాళ్ళను ఎవరో గట్టిగా పట్టుకున్నారు. రెండేళ్ళలో ఆ దొడ్డిలో ఇంకో మనిషి చెయ్యి పడడం అదే మొదలు.

"కొయ్యి చెల్లె, నేను పట్టుకుంట. చెయ్యి చూసుకోని కొయ్యి."

తల ఎత్తి చూస్తే గులాబ్‌బీ. కోస్గిలో ఉంటుంది. మొగుడు గులాం నబీ చనిపోయి మూడేళ్ళు. కొడుకు లతీఫ్ సైకిళ్ళ దుకాణం పెట్టుకున్నాడు. ముసలామె నల్ల బురఖా భుజం మీదికి తోసుకుని, పక్కన జామకాయల మూట పెట్టి, గొర్రె కాళ్ళ దగ్గర కూర్చుని ఉంది.

"గులాబక్కా! ఎప్పుడొచ్చినవే?"

"బస్సు దిగి నడ్సుకుంట వచ్చిన. అంజన్నకు బాగలేదని నిన్న మా లతీఫ్ దుకాణంల ఎవరో అంటే తెల్సింది. పాణం ఆగలె."

"అక్కా, నీకెర్క ఉన్నదో లేదో, మేం వెలిల ఉన్నం. మమ్ముల ముట్టుకుంటే..."

"మీ కులపోళ్ళు నన్నేం వెలేస్తరే? జర సక్కగ పట్టు కత్తెర."

బీరమ్మకు నవ్వొచ్చింది. ఆ వెంటనే ఏడుపూ వచ్చింది. గొర్రె వీపు మీదికి వంగి రెండింటినీ దాచుకుంది. గులాబ్‌బీకి ఈ ఇల్లు కొత్త కాదు. పదేళ్ళ కింద, నిజాం రాజ్యం పడిపోయి పట్నంలో పల్లెల్లో తురకల మీద అల్లరి జరిగిన రోజుల్లో, గులాం నబీ హైదరాబాదు నుంచి కోస్గికి ప్రాణం అరచేతిలో పెట్టుకుని వస్తూ ఈ గుట్ట మీదే చిక్కుకుపోయాడు. అంజన్న అతన్ని మంద నడుమ పడుకోబెట్టి మీద గొంగడి కప్పాడు. వెతుకుతూ వచ్చిన వాళ్ళకు గొర్రెలే కనిపించాయి, మనిషి కనిపించలేదు. సందు దొరికాక అంజన్నే అతన్ని కోస్గి పొలిమేర దాకా దిగబెట్టి వచ్చాడు.

గొర్రె ఒళ్ళు సగం తేలికపడింది. గులాబ్‌బీ గుట్టకేసి చూస్తూ అంది.

"చెల్లె, మా మియా పెట్టిన చెట్టు ఉన్నదా ఇంకా? ఎండి పోయిందా?"

"ఏం చెట్టు?"

"ముండ్లు లేని జెముడు. ఆయన పట్నంల ఒక జాగీర్దారు బంగ్ల తోటల మాలి పని చేసెటోడు గద. గా దొర ఎక్కడో వాన పడని దేశం నుంచి తెప్పిచ్చి కుండీలల్ల పెట్టిండంట. అల్లరైనప్పుడు దొరలు ఇల్లిడ్సి పోతే, మా ఆయన చిన్నయి రెండు పంచె కొంగుల కట్టుకోని వచ్చిండు. జీతం పైసలు ఇడ్సిపెట్టి జెముడు ముక్కలు తెచ్చిండు, సూడు ఆయన అకల్, ఆయన తెలివి! ఒకటి గీ దొడ్డి పక్కన మొరంల పెట్టిండంట. తొవ్వల నన్నేమన్న చేస్తే గిదొక్కటన్న బతకాలె అని."

"మాకు చెప్పలేదు గదక్కా."

"ఏమని చెప్తడు? పాణం కాపాడినోళ్ళకు జెముడు ఇస్తున్న అని చెప్తడా? సిగ్గైంది. నాకు చెప్పిండు. రెండోది మా ఇంట్ల పగిలిన ముంతల ఉన్నది. పదేండ్లాయె, నిమ్మకాయంత గూడ కాలె. దాని తిప్పలు ఏం చెప్పాలె! ఎండకాలం వస్తే ముడుసుకోని మట్టిలకు దిగిపోతది. చచ్చింది పారేద్దామనుకుంట. వాన పడంగనే ఉబ్బుకుంట పైకొస్తది. మేక గూడ ముట్టదు, చేదంట. సూస్తే చెట్టు లెక్కనే ఉండదు, రాయి లెక్కుంటది. నడిమిట్ల తెల్లగ గింత ఉన్ని..."

కత్తెర ఆగిపోయింది.

గొర్రె సగం ఉన్నితో లేచి పారిపోయినా బీరమ్మ చూడలేదు. ఆమె గులాబ్‌బీ నోటివంకే చూస్తోంది. లేచి, ముసలామె మణికట్టు పట్టుకుని దొడ్డి వెనక్కి లాక్కుపోయింది.

దేవుడు దిగిపోయిన చోట కులపోళ్ళు చుట్టూ రాళ్ళు పేర్చి మీద కంప కప్పారు. రెండేళ్ళుగా ఎవరూ అటు అడుగు పెట్టలేదు. బీరమ్మ కంప లాగి పక్కన పడేసింది. ముళ్ళు గుచ్చుకుంటున్నాయని కూడా తెలియలేదు ఆమెకు.

ఉన్ని బీరప్ప ఉన్నాడు. ఈ యేడు కురిసిన వానకు మొరం తోసుకుని పైకి వచ్చి, నిండుగా ఉబ్బి కూర్చున్నాడు. అంతేనా? తల మీది ఉన్నిలోంచి గులాబీ రంగు పువ్వు ఒకటి విచ్చుకుని ఉంది.

బీరమ్మ మోకాళ్ళ మీద కూలబడింది. చేతులు వాటంతటవే జోడయ్యాయి. గులాబ్‌బీ మాత్రం తన పెంపుడు కోడిపిల్ల కనబడినట్టు సంబరంగా వంగి, "అమ్మో, పువ్వు పూసిందే! మా ఇంట్లది ఒక్కనాడు పుయ్యలె" అంటూ పక్కన పొర మీద గోటితో గీరింది.

"దేవునికి గోరు గుచ్చుతవా!" బీరమ్మ ఆమె చేతి మీద చరిచింది.

గోరు పడిన చోట పచ్చగా ఉంది. కాకరకాయ తొక్కు గీరితే వచ్చే పచ్చన. ఆ పచ్చన మీద తడి మెల్లగా ఊరి, చిన్న బొట్టయి నిలిచింది. బీరమ్మ దాన్ని వేలితో తుడిచి నాలుకకు రాసుకుంది. చేదు.

కోపం రావలసింది. రెండేళ్ళుగా ఊరు ఆమెకు నీళ్ళు పోయలేదు, నిప్పు ఇవ్వలేదు, బావి దగ్గర ఆమె బిందె తగిలితే తమ బిందె కడుక్కున్నారు. ఇదంతా ఒక జెముడు ఎండకు ముడుచుకున్నందుకా? కానీ బీరమ్మకు కోపం రాలేదు. కోపగించుకోవడానికి కూడా ఒంట్లో ఓపిక ఉండాలి. ఆమె అక్కడే కంప పక్కన కూర్చుని, ఏం జరిగిందో మొదటి నుంచీ గులాబ్‌బీకి చెప్పింది. పొట్టేలు, ప్రమాణం, దేవుడు దిగిపోవడం, వెలి. చెప్తుంటే అదంతా ఇంకెవరికో జరిగినట్టుంది.

ముసలామె మొహం పాలిపోయింది. బురఖా తల మీదికి లాక్కుంది.

"యా అల్లా! మా ఆయన పెట్టిన మొక్క నీ ఇల్లు ఆర్పిందా?"

"ఆయనకేమెరుకక్కా. నీకేమెరుక."

"చెల్లె, నీ కాళ్ళు మొక్కుత. తురకాయన పెట్టిన చెట్టని మాత్రం అనకు. ఇన్నేండ్లు మొక్కినోళ్ళు ఊకుంటరా? పదేండ్ల కింది దినాలు నేనింకా మర్వలె. మా లతీఫ్ కోస్గిల బతకాలె." ఆమె పువ్వు వంక చూసి మెల్లగా అంది. "అయినా చెట్టని ఎందుకు చెప్పాలె? పైకొచ్చింది. పువ్వు పూసింది. మీ దేవుడు మల్లొచ్చిండని చెప్పు. అబద్ధమేమున్నది, వచ్చింది నిజమే గద."

బీరమ్మ చాలాసేపు ఆలోచించలేదు. అలసిన మనిషికి దగ్గరి దారే దారి. ఎవరికీ చెప్పనని గులాబ్‌బీకి మాటిచ్చి, ఆమెను మూడు గంటల బస్సుకు పంపించేసి, తాను నేరుగా కులపెద్ద కురుమయ్య ఇంటికి పోయి, వాకిలి బయటే నిలబడి పిలిచింది. అంజన్నకు పెదనాన్న కొడుకు కురుమయ్య. చిన్నప్పుడు ఒకే గొంగడి కింద పడుకున్న వాళ్ళు. వెలి మాట అతని నోటి నుంచే వచ్చింది.

"బావా, ఒక్కపారి గుట్టకు రా. నేను చెప్తే నమ్మవు, నీ కండ్లతోని చూడు."

కురుమయ్య వచ్చి చూశాడు. తలపాగా తీసి చంకలో పెట్టుకున్నాడు. ఆ పెద్దమనిషి చెంపల మీదుగా కన్నీళ్ళు కారుతుంటే తుడుచుకోవాలని కూడా అతనికి తోచలేదు.

"మల్లొచ్చిండే బీరవ్వా! పువ్వు పెట్టుకోని వచ్చిండు. మా అంజిగాన్ని నేనే కొట్టి చంపినట్టు చేస్తి గదనే." అతను ముక్కు చీది, గొంతు సర్దుకుని మళ్ళీ కులపెద్ద అయ్యాడు. "దీపాలు పెట్టేయాళ్ళకు పెద్దమనుషులను తోలుకోని వస్త. వెలి తీస్తం. గని పద్ధతొకటున్నది. వాడు గుట్టెక్కలేడు. వాని బదులు నువ్వు బండారి నోట్లేసుకోని, నా మొగుడు దేవుని పొట్టేలును ముట్టలేదు అని చెప్పాలె. చెప్తవా?"

"ఇప్పుడంటే ఇప్పుడు చెప్త. ఆయన ముట్టలేదు బావా. నాకెర్కే!"

నిజంగానే ఆమెకు ఎరుకే. రెండేళ్ళుగా ఆమె నిటారుగా నిలబడింది ఆ ఒక్క నమ్మకం మీదే. ఊరంతా అబద్ధం, నా మొగుడు నిజం అన్న నమ్మకం అది. చెట్టు సంగతి తెలిశాక అది ఇంకా గట్టిపడింది. దేవుడు మొహం తిప్పుకున్నాడేమోనన్న చిన్న పీకులాట మనసులో మూలనెక్కడో ఉండేది. ఇప్పుడు అదీ పోయింది.

అందుకేనేమో, ఎవరికీ చెప్పనని గులాబ్‌బీకి మాటిచ్చిన మనిషి, ఇంటికొచ్చి మంచం పట్టె మీద కూర్చోగానే ఆగలేకపోయింది. వేరే వాళ్ళకు చెప్పకూడదు గాని, ఈయనకు చెప్పకపోతే ఎలా? దేవుడు తన మీద అలిగాడని కదా ఈ మనిషి తిండి మానేశాడు!

"ఏమయ్యా, ఇగో, లే. సంతోషం మాట. నీ మీద ఏ దేవుడు అలగలె. అది దేవుడే కాదు."

మొత్తం చెప్పింది. గులాం నబీ పంచె కొంగు, పగిలిన ముంత, గోటి గాటు, చేదు, పువ్వు, అన్నీ. కురుమయ్య ఏడ్చాడనీ, దీపాల వేళకు వస్తున్నారనీ, నిన్ను మోసే వాళ్ళు ఉన్నారనీ చెప్పింది. అంజన్న కళ్ళు మొదట పైకప్పు మీద ఉన్నాయి. తర్వాత ఆమె మొహం మీదికి వచ్చాయి.

"జెముడా?" అన్నాడు. "ఉత్త జెముడేనా?"

"ఉత్త జెముడే. ముండ్లు గూడ లేయి."

అతని ఎండిన పెదవులు కదిలాయి. నవ్వు మొదలై దగ్గయింది, దగ్గు మళ్ళీ నవ్వయింది. చాలా నెలల తర్వాత ఆ గొంతులో ప్రాణం వినిపించింది. బీరమ్మ అతని ఛాతీ నిమురుతూ తానూ నవ్వింది. ఇన్నాళ్ళకు ఆ ఇంట్లో ఇద్దరు నవ్వారు.

"రెండేండ్ల సంది నా కండ్ల ముంగట్నే దిగిపోయిండనుకున్ననే. నా మొకం చూడలేక మట్టిలకు పోయిండనుకున్న. నేను చెప్పిన అబద్దానికి..."

"నువ్వేం అబద్దం చెప్పినవ్?"

"పొట్టేలును నేనే కోసిన."

నిమురుతున్న చెయ్యి ఆగింది. అంజన్న నవ్వు మొహం మీద ఇంకా పూర్తిగా ఆరలేదు. బరువు దించుకున్న కూలివాడిలా తేలిగ్గా, తొందరగా చెప్పుకుపోయాడు.

"కడుపు పోయి నువ్వు మంచంల పడ్డవ్ సూడు, గప్పుడు. షోర్వ తాగితేనే మనిషి దక్కుతదన్నది మంత్రసాని. మంద మేతకని కిష్ణ ఒడ్డుకు పోయె. దొడ్లె ఉన్నది గదొక్కటే. ఎవలనడగాలె? నీ ఒళ్ళు సల్లవడ్తాంది. ఎవలదో గుట్ట మీదికెల్లి జారి చచ్చిన గొర్రె అని నీకు చెప్పిన. తోలు వాగుల పాతిపెట్టిన."

"నాకెందుకు చెప్పలె?"

"చెప్తే తాగుదువా?"

బీరమ్మ చెయ్యి వెనక్కి తీసుకుంది.

"తాగకుంటే బతుకుదువా?" అన్నాడు అంజన్న. ఆ మాట అని, చెయ్యవలసిన పని పూర్తయినట్టు దిండు మీద తల వాల్చాడు.

బయట డోలు చప్పుడు వినపడింది. వీధి మలుపు తిరిగి వస్తోంది. రెండేళ్ళుగా తమ గుమ్మం ముందు ఆగకుండా దాటిపోయిన చప్పుడు ఇవాళ గుమ్మం ముందే ఆగింది. బీరమ్మ మంచం పట్టె పట్టుకుని లేచింది. మధ్యాహ్నం బావతో అన్న మాట చెవుల్లో మోగుతోంది. ఆయన ముట్టలేదు, నాకెర్కే. ఊళ్ళో అందరికంటే ఎక్కువ ఎరుక తనకే. ఆ పొట్టేలు తన ఒంట్లోనే ఉంది. అది చచ్చే తాను బతికింది.

చెట్టు ముందు చెప్పిన అబద్ధం అబద్ధం అవుతుందా? మరి ఇప్పుడు తాను చెప్పబోయేది ఏ చెట్టు ముందు? బయట నిలబడ్డది మనుషులు. చిన్నప్పుడు ఒకే గొంగడి కింద పడుకున్న అన్న, కన్నీళ్ళతో వచ్చి నిలబడ్డాడు.

"బీరవ్వా! తలుపు తియ్యి బిడ్డా" అన్నాడు కురుమయ్య.

ఆమె గొళ్ళెం తీసింది. కురుమయ్య వెనక కుల పెద్దమనుషులు దుర్గయ్య, సైదులు, కిష్టయ్య, గుర్వయ్య ఉన్నారు. సరిగ్గా నలుగురు, గట్టి భుజాల వాళ్ళు. దీపం వెలుగులో వాళ్ళ మొహాలు మెత్తగా, పాత చుట్టాల మొహాల్లా ఉన్నాయి. కురుమయ్య అరచేతిలో బండారి పసుప్పచ్చగా మెరుస్తోంది. దాని మీద గుట్ట నుంచి తెంపుకొచ్చిన ఆ గులాబీ రంగు పువ్వు పెట్టి ఉంది.

"నోట్లేసుకోని మాట చెప్పు బిడ్డా. ఆ ఒక్క మాట చెప్పు, లోపలికొచ్చి నా తమ్ముణ్ణి చూస్త."

వెనక మంచం కిర్రుమంది. అంజన్న మోచేతి మీద లేచి ఆమెనే చూస్తున్నాడు. ఏం చెప్పమనీ అడగడం లేదు, ఏం చెప్పొద్దనీ అనడం లేదు.

బీరమ్మ చెయ్యి చాచి బండారి తీసుకుంది. నోటి దాకా తెచ్చేసరికి పసుపు వాసన కంటే ముందు, నాలుక మీద రెండేళ్ళ కిందటి ఆ షోర్వ రుచి తగిలింది.